పెద్దబాపు రెండో చెలక

ఆ రోజుల్లో మా ఇబ్రహీంపట్నంలో మచ్చలేని మనుషులను తయారుచేసే పని నాది. దేవుడు తొందరలో వదిలేసిన తప్పులన్నీ దిద్దడానికే నన్ను బస్టాండు ఎదురు సందులో కూర్చోబెట్టాడని గట్టిగా నమ్మేదాన్ని (ఆయన ఆ మాట నాతో ఎప్పుడూ అనలేదు, నేనే అర్థం చేసుకున్నాను). డిగ్రీ అయిపోయింది, ఉద్యోగం రాలేదు, దిల్‌సుఖ్‌నగర్‌లో డీటీపీ నేర్చుకొచ్చి ఒక జిరాక్సు కొట్టులో డిజైనరుగా చేరాను. హైదరాబాదు మా వైపు నడిచి వస్తున్న కాలం అది. రాత్రి పడుకునేటప్పుడు జొన్న చెలకగా ఉన్నది పొద్దున లేచేసరికి ప్లాట్ల వెంచరయ్యేది. విత్తనం వేయకుండానే సున్నం పూసిన రాళ్లు వరుసగా మొలిచేవి. చేతిలో నాలుగు రూపాయలు ఆడేసరికి ఊళ్లో ప్రతి మనిషికీ తన మొహాన్ని నిలువెత్తు ఫ్లెక్సీ మీద చూసుకోవాలనిపించింది. పుట్టినరోజైనా, పదవొచ్చినా, పండగైనా, ఏమీ లేకపోయినా ఫ్లెక్సీ ఉండాల్సిందే. వచ్చిన ప్రతివాళ్లదీ ఒకటే మాట: "అక్కా, జర తెల్లగ చెయ్."

చేసేదాన్ని. మౌసు పట్టుకుని ముడతలు చెరిపేదాన్ని, మొటిమలు మాయం చేసేదాన్ని, కళ్ల కింద నలుపు తీసేదాన్ని. నా చేతిలో పడ్డవాళ్ల చెంపలు ఆవిరి మీదనుంచి అప్పుడే దించిన ఇడ్లీల్లా ఉండేవి. చౌరస్తాలో కట్టిన ఫ్లెక్సీల్లో అందరూ ఒకే తల్లి బిడ్డల్లా కనిపిస్తున్నారని ఎవరో అంటే, జాతీయ సమైక్యతకు నా వంతు కృషి అనుకుని మురిసిపోయాను. మా కొట్టు యజమానిది కోస్తా వైపు. మనిషికీ, కుర్చీకీ, చివరికి జిరాక్సు మిషనుకు కూడా 'అండీ' తగిలించి మాట్లాడతాడని ఆయనకు అండీగారు అని పేరు పెట్టుకున్నాం (వినపడకుండానే లెండి). ఆ మిషను మహా పాతది. ఏ కాపీ తీసినా మిరియాలు చల్లినట్టు నల్ల చుక్కలు పడేవి. అండీగారు పొద్దున్నే అగరొత్తి వెలిగించి, స్పిరిటుతో అద్దం తుడుస్తూ, "ఈ పూటైనా కాస్త శుభ్రంగా రావాలండీ" అని దాన్ని బతిమాలేవాడు. నాకు మాత్రం ఒకటే పాఠం చెప్పేవాడు: "చూడమ్మా, మనం ఇచ్చే బొమ్మలో మచ్చ కనబడిందంటే అది మన కొట్టుకే మచ్చ."

ఇక పెద్దబాపు సంగతి. మా బాపుకు, అంటే నాన్నకు, అన్న. మాది పక్కనే ఉన్న కొంగరకలాన్, రెండు ఇళ్లకూ నడుమ గోడ ఉన్నా ఆ గోడకు ఒక దర్వాజా ఉండేది. పెద్దబాపుకూ పెద్దమ్మకూ పిల్లలు లేరు కాబట్టి ఆ దర్వాజాలోంచి ఎక్కువగా తిరిగింది నేనే. చిన్నతనంలో ఆయనకు తల్లి పోసిందట, అంటే మశూచి. ఒళ్లంతా నయమైంది గానీ మొహం మీద గుంటలు మిగిలిపోయాయి. ఆయన దాన్ని కూడా నవ్వులాటకే వాడుకునేవాడు. "నాకు రెండు చెలకలున్నయ్ బిడ్డా. ఒకటి ఊరి బయట, ఒకటి మొకం మీద. మొదటిది నేను దున్నిన, రెండోది అమ్మతల్లి దున్నింది. నాకంటే ఆమెనే లోతు దున్నింది" అనేవాడు. చిన్నప్పుడు నేను ఆయన ఒళ్లో కూర్చుని ఆ గుంటల్లో జొన్నగింజలు నిలబడతాయా అని పెట్టి చూసేదాన్ని. ఎడమ కంటి కింది గుంటలో ఒక గింజ చక్కగా నిలిచేది. అది పడిపోకుండా ఆయన నవ్వు ఆపుకుని, ఊపిరి బిగబట్టి, "మొలకొచ్చిందా, జూడు" అని పెదవులు కదపకుండా అడిగేవాడు.

మొహం మీద ఇన్ని జోకులేసే మనిషి, కెమెరా కనిపిస్తే మాత్రం ఉరికేవాడు. మా ఇంట్లో జరిగిన పెళ్లిళ్ల ఆల్బములన్నీ వెతికినా ఆయనది ఒక భుజమో, తువ్వాల కొసో తప్ప దొరకదు. జన్మలో ఒక్కసారే ఫొటో దిగాడు, అదీ భూమి పాసుబుక్కు కోసం. తర్వాత వెంచరువాళ్లు వచ్చారు. చుట్టూ ఉన్న చెలకలన్నీ అమ్ముడైపోయి, నడుమ ఈయన ఒక్కడిది దారి లేకుండా మిగిలితే, ఈయనా అమ్మేశాడు. భూమితో పాటు పాసుబుక్కూ వాళ్ల చేతికి పోయింది. అంటే ఆయన మొహం కూడా రిజిస్ట్రేషన్ అయిపోయిందన్నమాట. ఆ తర్వాత కూడా పొద్దున్నే అలవాటు కొద్దీ నడుచుకుంటూ అక్కడికే పోయేవాడు. గేటు దగ్గర కొత్తగా వచ్చిన వాచ్‌మన్ "ఎవరు కావాలె తాతా?" అని అడిగితే, "నేనే కావాలె" అన్నాడట. ఇంటికొచ్చి ఈ మాట చెప్పి తనే ముందు నవ్వాడు. మేమూ నవ్వాం. ఏడాది తిరగకుండానే ఒక పొద్దున చాయ్ తాగుతూ తాగుతూ గ్లాసు పక్కన పెట్టి, గోడకు ఒరిగి, పోయాడు.

పదో దినానికి ఫొటో కావాలి. ఇంట్లో ఎవరి దగ్గరా లేదు. చివరికి బాపు ఇనుపపెట్టె అడుగునుంచి ఒక కాగితం తీశాడు. పాసుబుక్కుకు జిరాక్సు, ఆ జిరాక్సుకు మళ్లీ జిరాక్సు. బొటనవేలంత ఫొటోలో పెద్దబాపు మొహం మాడిన రొట్టెలా ఉంది. తలకట్టు ఉంది, మీసం ఉంది, తక్కినదంతా మిషను కక్కిన నల్ల మచ్చలు. పెద్దమ్మ దాన్ని చేతిలోకి తీసుకుని చాలాసేపు చూసింది. "నువ్వు పేపర్ల మీద మనుషులను చేస్తవంట గద బిడ్డా. మీ పెద్దబాపును జర మంచిగ చేసి ఇయ్యి. ఆయన మొకం నాకు ఇప్పటికే మసక మసక అయితున్నది. ఇంకొన్ని దినాలైతే మొత్తమే మర్సిపోతనేమో అని బుగులైతున్నది" అంది. నలభై ఏళ్లు కళ్లముందు తిరిగిన మొహాన్ని ఎవరైనా మరిచిపోతారా అనుకున్నాను అప్పుడు. (మరిచిపోతారు. ఇప్పుడు తెలుసు.)

నేను ప్రాణం పెట్టి పనిచేశాను. కాగితాన్ని స్కాన్ చేసి, పెద్దది చేసి, ఒక్కొక్క చుక్కా ఏరి పారేశాను. బియ్యంలో రాళ్లేరిన చెయ్యే, అలసట ఏముంటుంది! మిషను వేసిన మచ్చలు పోయాయి. మొహం మీద అసలు గుంటలు ఆ కాపీల మీద కాపీల్లో ఎప్పుడో కలిసిపోయాయి కాబట్టి అవి వెతికినా లేవు. లేకపోతేనే మంచిదనుకున్నాను. పాపం, బతికినన్నాళ్లూ ఆ మొహం కోసమే గదా ఫొటోకు సిగ్గుపడ్డాడు, పోయాకైనా నున్నటి చెంపలతో హాయిగా ఉండనీ అని, రంగు కొంచెం తేల్చి, చర్మం మెత్తగా చేసి, పెదవుల మీద చిరునవ్వు లాంటిదొకటి కూడా తెచ్చాను. అండీగారు చూసి, "ఆహా! పెళ్లికొడుకులా ఉన్నారండీ" అన్నాడు. మొదటి చెలకను బుల్డోజరు చదును చేసింది. రెండోదాన్ని నేను చేశాను. కాకపోతే బుల్డోజరుకు తన పని మీద నాకున్నంత గర్వం ఉండి ఉండదు.

పదో దినం పొద్దున ఫ్రేము కట్టించి, కాగితం చుట్టి, తిన్నగా చెలక దగ్గరికే తీసుకుపోయాను. చెలక అంటే దాని చుట్టూ కట్టిన కాంపౌండు గోడ దగ్గరికి. పిట్టకు అక్కడే పెట్టాలని పెద్దమ్మ పట్టుబట్టింది. మా వైపు పద్ధతి అందరికీ తెలిసిందే. పోయినవాళ్లకు ఇష్టమైనవన్నీ ఆకులో పెట్టి దూరం జరగాలి, కాకి వచ్చి ముట్టాలి. అది ముడితే పోయిన మనిషి తృప్తిగా తిన్నట్టు. ముట్టకపోతే ఏదో కోరిక మిగిలినట్టు. ముట్టేదాకా ఇక్కడ ఎవరూ మెతుకు ముట్టరాదు. బాపు గోడ మీద ఆకు పరిచి అన్నం, మటన్ కూర, కల్లు పెట్టాడు. పెద్దమ్మ దండ చేతిలో పట్టుకుని నిలబడింది. నేను పెద్ద గొప్పగా ఫొటో మీది కాగితం విప్పాను.

పెద్దమ్మ చూసింది. చూసి, నా మొహం వైపు చూసింది.

"గీయన ఎవలు బిడ్డా?"

"పెద్దబాపే పెద్దమ్మా."

"కాదు. గీయనెవలో నేనెరుగ. తొందరల ఇంకెవలదో తెచ్చినట్టున్నవ్, మల్ల జూడు." ఆమె గొంతులో కోపం లేదు, మర్యాద ఉంది. కొత్తవాళ్ల ఎదుట నిలబడ్డట్టు కొంగు కూడా భుజం మీదికి సర్దుకుంది. చేతిలో దండ అట్లాగే ఉండిపోయింది. పరాయి మగాడి మెడలో ఎట్లా వేస్తుంది మరి!

మా అత్త, అంటే బాపు చెల్లె, ఏ మాటనూ నోట్లో ఉంచుకునే రకం కాదు. ఫ్రేము లాక్కుని ఎండకు పెట్టి చూసింది. "ఏమే కోడలా, మా అన్నను గిట్ల బేబీ పౌడర్ డబ్బా మీది పోరన్ని చేసినవేందే? ఆయన మొకం మీది గుంటలెటు పాయె?"

"తీసేసిన అత్తా. మంచిగుంటదని."

"అవ్, మస్తు మంచిగుంది. పిల్లనిచ్చి పెండ్లి చేద్దామా?"

బాపు ఆమె చేతిలోంచి ఫ్రేము తీసుకున్నాడు. "ముందుగాల పిట్ట సంగతి జూడుండ్రి" అన్నాడు. అందరం వెనక్కి జరిగి నిలబడ్డాం. పిట్ట లేదు. ఆకాశం నున్నగా, నేను చేసిన చెంపలాగే, ఒక్క చుక్క లేకుండా ఉంది. బాపు "కావ్, కావ్" అని పిలిచాడు. కల్లు తక్కువైందేమోనని ఇంకొంత పోశారు. బీడీ పెట్టారు. చివరికి బాపు గోడ దగ్గరికి పోయి, ఎవరికీ వినపడకూడదన్నట్టు మెల్లగా, "వదినను మేం జూసుకుంటం అన్నా. నువ్వేం ఫికర్ జెయ్యకు. వచ్చి తిను" అన్నాడు. అందరికీ వినపడింది. ఎవరూ ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు.

అప్పుడు గేటు దగ్గరి వాచ్‌మన్ వచ్చి, "గట్టు మీది చెట్లన్నీ కొట్టేసినంక ఇటు కాకులు రావట్లేదమ్మా" అన్నాడు. కానీ అత్త వినే స్థితిలో లేదు. "చెట్లు కాదు, ఏం కాదు. ఎవల పేరు మీద పెట్టినమో కాకికి తెల్వాలె గద! ఫొటోల ఉన్న మనిషి ఎవలో కట్టుకున్నదానికే తెలుస్తలేదు, కాకికేం తెలుస్తది?" అంది. చుట్టూ ఆకలి మీదున్న చుట్టాలంతా నా వైపు తిరిగారు. ఉడికిన మటన్ వాసన ఇటు, అంతమంది చూపులు అటు. నా జీవితంలో ఏ డిజైన్‌నూ అంతమంది ఒకేసారి తిప్పికొట్టలేదు. పెద్దమ్మ ఒక్కతే నన్ను ఏమీ అనలేదు. "పోనీ తియ్యి బిడ్డా. ఆయన రాసిపెట్టుకున్నది గంతే. ఫొటో లేకుండనే పోయిండనుకుంట" అని, దండను తీసి జాగ్రత్తగా గోడ మీద పెట్టింది. తిట్టినా బాగుండేది.

బాపు బండి తీశాడు. నేను వెనక కూర్చున్నాను. దారంతా ఆయన ఒక్కటే మాట అన్నాడు: "అన్న ఉంటే మస్తు నవ్వుతుండె." తర్వాత ఇబ్రహీంపట్నం దాకా హారన్ కూడా కొట్టలేదు.

కొట్టులో అండీగారు అప్పుడే తాళం తీస్తున్నాడు. "సార్, నాకు మచ్చలు కావాలి" అన్నాను. పాపం, ఆయన బెదిరిపోయాడు. విషయం చెబితే తేరుకుని, "మచ్చలకేం తల్లీ! ఇన్నాళ్లూ ఆ చుక్కల మూలంగానే కదా ఊరంతా నన్ను తిట్టింది. కావలసినన్ని తీసుకో" అని మిషను మీద తెల్లకాగితం పెట్టి మీట నొక్కాడు. బయటికొచ్చిన కాపీ మల్లెపువ్వులా ఉంది! ఇంకొకటి తీశాడు. అదీ అంతే. అప్పుడు గుర్తొచ్చింది ఆయనకు, నిన్ననే మెకానిక్ వచ్చి అద్దంతో సహా మార్చి మొత్తం బాగుచేసి పోయాడు. జన్మలో ఒక్కసారి ఆ మిషను శుభ్రంగా పనిచేసింది, అదీ ఆ రోజే. "ఏవండీ, ఇదేం పనండీ" అని అండీగారు మిషను నెత్తి మీద చరిచాడు. నిన్నటి అగరొత్తి బూడిద అద్దం మీద చల్లాడు. అది పొగమంచులా వచ్చింది. కాగితం నలిపి పెట్టాం. గీతలొచ్చాయి గానీ చుక్కలు రాలేదు. గుమ్మంలో నిలబడి ఇదంతా చూస్తున్న బాపు లోపలికి వచ్చాడు. గోడ దగ్గర నేల మీద పరుచుకుని కూర్చున్న తువ్వాల ఆయన భుజం మీదే ఉంది. దాన్ని అద్దం మీద పట్టుకుని ఒక్కసారి దులిపాడు. ఎర్రమన్ను, సన్న ఇసుక, రెండు మూడు గరికపోచలు రాలాయి. అండీగారు ఆ కొత్త అద్దం వైపు ఒక్క క్షణం బాధగా చూసి, కళ్లు మూసుకుని మీట నొక్కాడు.

వచ్చాయి! చిన్నా పెద్దా, చిక్కగా పలచగా, ఏ రెండూ ఒక్కలా లేని నల్లటి చుక్కలు. ఆ కాపీకి కాపీ, దానికి మళ్లీ కాపీ తీస్తే చుక్కలు ముదిరి అంచులు ఎలుక కొరికినట్టయ్యాయి. దాన్ని స్కాన్ చేసి, తెలుపంతా తీసేసి, చుక్కలను మాత్రం పెద్దబాపు మొహం మీద ఒక పొరగా పరిచాను. పరిస్తే దోమలు కుట్టిన పెళ్లికొడుకులా ఉన్నాడు. చుక్క వేరు, గుంట వేరు. గుంటకు ఒక పక్క నీడ ఉంటుంది, ఎదురు పక్క వెలుగు ఉంటుంది. అదీ గాక గుంటలు మొహమంతా సమానంగా ఉండవు, ఎక్కడ ఉండాలో అక్కడే ఉంటాయి. ఎక్కడ? కంప్యూటరు ముందు కళ్లు మూసుకున్నాను. ఆయన ఒళ్లు, బీడీ వాసన, బిగబట్టిన ఊపిరి. వేలికి గుర్తుంది. ముక్కు కొస మీద సన్నవి, నుదుటి మీద దాదాపు లేవు, మీసం పక్కన రెండు కలిసిపోయినవి. అన్నిటికన్నా చివర ఎడమ కంటి కింద, జొన్నగింజ నిలిచేంతది. మౌసు పట్టుకుని ఒక్కొక్కటీ విత్తనం పెట్టినట్టు పెట్టుకుంటూ పోయాను. నేను ఈ పనిలోకొచ్చిననాటి నుంచీ అందరి మొహాలనుంచి తీయడమే గానీ, ఒకరి మొహంలో ఏదైనా పెట్టడం అదే మొదలు. చిరునవ్వు కూడా తీసేశాను. ఆయన నవ్వు అట్లా ఉండదు. వెనకనుంచి బాపు "ఆఁ" అన్నాడు. అంతే.

మేం తిరిగి వెళ్లేసరికి నీడలన్నీ పొట్టివైపోయాయి. చుట్టాలు ఆకలితో గోడ వెంట వరుసగా కూలబడి ఉన్నారు. ఆకు మీద అన్నం ఎండిపోతోంది. అత్త కూడా మాట్లాడే ఓపిక లేక ఊరుకుంది (అది చరిత్రలో రాసుకోవాల్సిన విషయం). నేను ఫ్రేమును పెద్దమ్మ చేతుల్లో పెట్టి తల దించుకున్నాను. తలెత్తి చూస్తే, ఆమె కుడిచేతి బొటనవేలు అద్దం మీదుగా ఎడమ కంటి కిందికి పోయి, అక్కడ ఆగి ఉంది.

"ఇగో," అంది, ఎవరితోనో తెలియదు. "గిప్పుడు వచ్చిండు."

దండ వేసింది. అప్పటిదాకా పదిరోజులుగా నీళ్లు లేని బావిలా ఉన్న మనిషి, ఫ్రేమును గుండెకు అదుముకుని, ఆ గోడకు ఆనుకుని బిగ్గరగా ఏడ్చింది. అత్త పోయి పట్టుకుంది. అందరం అటే చూస్తున్నాం. మళ్లీ ఇటు తిరిగేసరికి ఆకు చెదిరి ఉంది, అన్నం ముద్ద సగం లేదు. కాకి వచ్చిందని, రెక్క తన కళ్లారా చూశానని అత్త ఇప్పటికీ ఒట్టు వేసి చెబుతుంది. కాదమ్మా, ఉడుత అని వాచ్‌మన్ అన్నాడు. వాళ్లిద్దరి వాదన ముదురుతుంటే బాపు మొహం తుడుచుకుని, "ఏదైతేంది, ముట్టింది గద. లేవుండ్రి, తిందాం" అన్నాడు.

తర్వాత కొన్నేళ్లకు నేను సిటీలో ఒక పెద్ద డిజైన్ ఆఫీసులో చేరాను. అక్కడ చేరిన కొత్తలో మా బాస్ నా పోస్టరు చూసి, "మరీ నున్నగా ఉంది. పాత జిరాక్సులాగా కొంచెం గరుకు తేగలవా? ఇప్పుడు అదే ఫ్యాషన్" అంది. నవ్వాలో ఏడవాలో తెలియలేదు. అన్నాళ్లూ అండీగారు దేన్ని తుడవలేక చేతులు అరగదీసుకున్నాడో, దాన్ని ఏసీ గదుల్లో కూర్చుని కష్టపడి తయారు చేసుకుంటున్నారు! తక్కినవాళ్లు ఒక్క మీట నొక్కి తెచ్చుకునే గరుకు అంతా ఒకే అచ్చులో పోసినట్టు ఉండేది. నా దగ్గర ఆనాటి తువ్వాల మన్ను చుక్కలను దాచి, 'పెద్దబాపు' అని పేరు పెట్టుకున్న ఫైలు ఉంది. దాన్ని పరిచాను. "ఇదెక్కడిది, ఇంత నిజంగా ఉంది?" అని అడిగింది. "మా ఊరిదే మేడమ్" అన్నాను. అప్పటినుంచి ఆ మన్ను కాఫీ షాపుల గోడల మీదికీ, నాటకాల పోస్టర్ల మీదికీ, కాలేజీ పిల్లల టీషర్టుల మీదికీ ఎక్కింది. ఫొటో అంటే ఉరికిన మనిషి సగం హైదరాబాదు మీద పరుచుకున్నాడు. చెలక ఉన్నచోట ఇప్పుడు ఇళ్లు లేచాయి, అది ఎక్కడుండేదో నాకే సరిగ్గా ఆనవాలు దొరకదు. పెద్దమ్మ కూడా పోయింది. ఆమె ఫొటోలు బోలెడున్నాయి, నేనే తీశాను, ఒక్క ముడత కూడా ముట్టుకోలేదు.

మొన్న కొత్త ఫోన్ కొన్నాను. కెమెరా తెరిచి నన్ను నేను చూసుకుంటే, అడక్కుండానే అది నా మొహమంతా చదును చేసి, ఇడ్లీలా చూపించింది. ఒకప్పుడు నేను సందులో కూర్చుని చేసిన పనిని ఇప్పుడు అరచేతిలో యంత్రమే చేసేస్తోంది, నాకంటే వేగంగా, నాకున్నంత గర్వంతోనే. "గీమె ఎవలు బిడ్డా?" అని పైకే అడిగాను. గదిలో ఎవరూ లేరు. సెట్టింగుల్లో వెతికి వెతికి ఆ సోకు తీసేసి మళ్లీ చూసుకున్నాను. ఎడమ కంటి కింద ఏదో పడుతోంది, గీతో గుంటో ఇంకా తేలలేదు. వేలు పెట్టి చూశాను. జొన్నగింజ నిలిచేంత లోతు ఇంకా రాలేదు. వస్తుంది లెండి.